బావిలో జాజు గీత

నా చిన్నప్పుడు, తెల్లదొరల కాలంలో, కోసిగి దగ్గర మా చేని దిగుడుబావిలో ఒక మెట్టు మీద జాజుతో, అంటే ఎర్రమట్టితో, గీసిన గీత ఉండేది. అది మా జేజినాయన, అంటే మా నాయనకు నాయన, గీసిన గీత. నీళ్లు ఆ గీతదాకా ఉంటే ఎద్దులతో కపిల తోలి, నీళ్లు పైకి తోడి ఉల్లి పెట్టొచ్చు. అంతకంటే దిగితే తాగేదానికి మాత్రమే.

ఆ ఏడు వానల్లేవు. నీళ్లు గీతకు ఏడు మెట్లు కిందికి పోయాయి. ఈ కార్తెలో కూడా గీత తాకకపోతే ఎద్దులమ్మి అందరం బళ్లారి దిక్కు కూలికి పోవాల్సిందేనని మా నాయన తెగేసి చెప్పాడు. పోతే నా బడి అంతటితో సరి. ఆరో తరగతిలో ఆడపిల్లను నేనొక్కదాన్నే. అందరూ వద్దన్నా జేజినాయనే పట్టుబట్టి పంపించేవాడు.

బడిలో నాకేమో ఒక్క ముక్క తలకెక్కేది కాదు. మైనస్ ఐదుకు మూడు కలపమంటే ఎనిమిదని రాసి, అరచేతులు వాచేటట్టు అయివారితో దెబ్బలు తిన్నాను. ఏడుస్తూ వస్తే, అక్షరం రాని జేజినాయన నన్ను తీసుకుపోయి ఆ గీత మెట్టు మీద నిలబెట్టాడు.

"ఐదు మెట్లు దిగు. ఇంగ మూడెక్కు. ఇప్పుడు యాడుండావు?"

"గీతకు రెండు కింద."

"అంతే గదమ్మా. ఎక్కినంత మాత్రాన గీత దాటినట్టా?"

ఓస్, ఇంతేనా అని నవ్వొచ్చింది నాకు. ఆ పూటంతా ఎక్కుతూ దిగుతూ లెక్కలు కట్టాను. గీత పైనుంచి తొమ్మిదో మెట్టని కూడా లెక్కబెట్టుకున్నాను.

వారం తిరక్కముందే వాన పడింది. ఎద్దుల బేరానికని ఆదోని సంతకు పోయిన మా నాయన మరునాడు మధ్యాహ్నం వచ్చి, బావి గట్టున నిలబడి చూశాడు. నీళ్లు గీతను తాకుతున్నాయి. "ఇంగ యాడికీ పోయే పనిలేదు, విత్తనం తెస్తా" అన్నాడు. మా అమ్మ కళ్లొత్తుకుంది.

నేను మాత్రం పైనుంచి గీతదాకా మెట్లు లెక్కబెట్టాను. పదమూడు! ఏడు కిందున్న నీళ్లు మూడెక్కాయి, అంటే ఇంకా నాలుగు కింద. ఎంత చక్కగా కుదిరిందో!

"నాయనా, గీత తప్పు! నీళ్లింకా నాలుగు మెట్లు కిందనే ఉండాయి" అని గంతులేస్తూ అరిచాను, అందరూ మెచ్చుకుంటారని.

జేజినాయన వేళ్ల సందుల్లో జాజు ఇంకా ఆరలేదు. వానకు చెదిరిన గీతను మళ్లీ గీస్తూ నాలుగు మెట్లు కిందికి దించేశాడాయన, నా బడి కోసం. మా నాయన ఆ చేతులనొకసారి, నీళ్లనొకసారి చూసి, "పిల్ల చెప్పకపోయింటే విత్తనం కూడా మట్టిపాలయ్యేది" అన్నాడు.

"శానా బాగా నేర్చుకున్నావమ్మా" అని జేజినాయన నా తల నిమిరాడు. అయ్యో, నాలుగు తిట్టినా బాగుండేది!

మూడోనాటికి ఎద్దులు అమ్ముడుపోయాయి, ఆ వెనకే మేమూ పోయాం. బళ్లారి దిక్కున రాళ్లు మోశాను. మళ్లీ బడి గడప తొక్కలేదు. జేజినాయన అక్కడే ఆ ఎండల్లో కన్నుమూశాడు, మేము వెనక్కి రాకముందే.

ఆ ఏడు మరో చినుకు రాలలేదు. నా లెక్క తప్పు కాదని మావాళ్లంతా ఎన్నిసార్లు చెప్పారో. నాకూ తెలుసు, తప్పు కాదు. అయినా ఇప్పటికీ మనవరాలు లెక్క చేసి "సరిపోయిందవ్వా!" అని ఎగిరితే నాకు సంతోషం రాదు. గుండె గుభేలుమంటుంది.