అరవై నాలుగో పేరు

మామిడి కోతల రోజుల్లో కడప నుంచి చుట్టాలింటికి వచ్చి, ఆగిరిపల్లి దగ్గర ఒక చిన్న చర్చిలో ఆదివారం ఆరాధనకు వెళ్ళాను. మా సంఘంలో హాజరు పుస్తకం రాసేది నేనే. ఆ అలవాటుకొద్దీ ఇక్కడా లెక్కపెట్టాను. నాతో కలిపి నలభై ఒక్కరం. సంఘ పెద్ద ఏసోబుగారు మాత్రం అరవై మూడని చదివారు.

లేచి నిలబడ్డాను. “లెక్క తప్పిందండీ. ఇరవై రెండు ఎక్కువ చదివారు.”

“తప్పలేదండీ అమ్మగారూ. ఆ ఇరవై రెండు మందీ ప్రభువు దగ్గరున్నారు. చనిపోతే సంఘం మానేసినట్టా ఏంటి? వాళ్ళ పేరు పిలిస్తే మేం పలుకుతామండీ.”

నా పక్కనున్న కోత కూలీ మరియమ్మ అంది: “మా అత్తయితే ఇప్పటికీ ముందు వరసేనండీ. ఉన్నన్నాళ్ళూ మమ్మల్ని అక్కడ కూర్చోనిచ్చిందా?”

అందరూ నవ్వారు. నాకు నవ్వు రాలేదు. మూడేళ్ళ కిందట మా ఆయన పోయిన పదకొండో రోజున, నియమం ప్రకారం మా హాజరు పుస్తకంలో ఆయన పేరు కొట్టేసింది నేనే. ఆ తర్వాత ఏ ఆరాధనలోనూ ఆయన నా పక్కన ఉన్నట్టు అనిపించలేదు. ఆ సంగతి అందరి ముందూ చెప్పేశాను.

ఏసోబుగారు కలం తీశారు. “పేరు చెప్పండమ్మా.”

“దేవదానం.”

అరవై నాలుగో పేరుగా రాసుకుని ఆయన గట్టిగా పిలిచారు. “దేవదానంగారు?”

మామిడి సొన మచ్చలున్న చేతులన్నీ పైకి లేచాయి. “ఉన్నారండీ” అని చర్చంతా ఒక్కసారిగా పలికింది. అందరికంటే పెద్ద గొంతు నాదే.