ప్రేమమణి డాండిలయన్లు

ప్రేమమణి చేతులు ఊరకే ఉండవు. ప్రార్థనలో కళ్లు మూసుకున్నా వేళ్లు చీర కుచ్చిళ్లు సవరిస్తూనే ఉంటాయి. కూనూరులో అక్క సమాధి పక్కన పూసిన పసుప్పచ్చటి డాండిలయన్ పూల గింజలు కొన్ని తెచ్చుకుని, అక్కడివాళ్లు చెప్పినట్టే మార్చిలో అల్వాల్ ఇంటి డాబా మీద కుండీలో చల్లింది. కొండల మీది మార్చి వేరు, ఇక్కడి మార్చి వేరు. మొలకలు ఎండకు మాడిపోయాయి. మిగిలిన చిటికెడు గింజలను నవంబరు చలి మొదలయ్యాక, వెలుగు తగిలేలా మట్టి పైపైనే చల్లి నీళ్లు చిలకరించింది. అంతవరకూ బాగానే ఉంది. కానీ పూటపూటా చీపురుపుల్లతో మట్టి కదిపి చూడకపోతే ఆమెకు తోచదు.

పక్కింటి జబీన్ అది చూసి కుండీని చంకనెత్తుకుంది. "గిట్ల కెలికితే ఎట్ల మొలుస్తయి ఆంటీ? మొలిచేదాంక మా ఇంట్లనే ఉంటది."

ఆ రోజు నుంచి ప్రేమమణి ఉతికిన బట్టలే మళ్లీ ఉతికింది, మాటిమాటికీ పిట్టగోడ దగ్గరికెళ్లి మెడ చాచింది. ఒక ఉదయం జబీనే పిలిచింది. కుండీలో ఆవగింజంత ఆకులు జంటలు జంటలుగా లేచాయి. ప్రేమమణి చెయ్యి చాచబోయి, చటుక్కున కొంగులో చుట్టేసుకుంది.

"తీస్కపోతరా ఆంటీ?"

"వద్దమ్మా, నీ దగ్గరే ఉండనీ. నా చేతుల సంగతి మా అక్కకి బాగా తెలుసు. నేనొస్తున్నానంటే జడ ముందుకేసుకునేది" అంటూ నవ్వబోయి ఏడ్చేసింది.