ఆ తలుపుకి గడియ లేదు

ఇలా దగ్గరికి జరిగి కూర్చోండి, చెబుతాను. ముందే ఒక మాట. దయ్యాలంటే నాకు నమ్మకం లేదు. మా కోనసీమలో చీకటి పడ్డాక కొబ్బరితోటల్లో ఒక్కదాన్నే తిరిగిన మనిషిని. కానీ ఇక్కడ ఈ అరబ్బు దేశంలో, సీబ్‌లో, నేను చూసినదాన్ని ఏమనాలో తెలియదు.

నేను వంట చేసే ఇంట్లో సార్, మేడమ్ ఇద్దరూ కాకినాడవాళ్ళే. నెలల తరబడి మాటల్లేవు. ఏం చెప్పుకున్నా నా ద్వారానే. “మరియమ్మా, పులుసులో ఉప్పు చాలలేదని మీ మేడమ్‌కి చెప్పు” అని సార్ అంటే, “ఆయన నాలుకకి ఏం పెట్టినా చాలదని చెప్పు” అని మేడమ్. ఇద్దరూ ఒకే బల్ల దగ్గర!

అలాంటివాళ్ళు క్లబ్బులో ఇంగ్లీషు నాటకంలో మొగుడూ పెళ్ళాలు. గొడవకి ముందే ఒప్పుకున్నారు మరి. మా అమ్మమ్మ కాలంలో తెల్లదొరల కాపురాల మీద రాసిన నవ్వుల నాటకమట. చివర్లో దొర అలిగి, పెట్టె పట్టుకుని, తలుపు తీసుకుని వెళ్ళిపోతాడు. కాసేపటికి తిరిగొస్తాడు.

నాటకం రోజు పొద్దున సార్ నాచేత ఆ పెట్టెలో తన బట్టలే సర్దించారు. ఆ తలుపు దాటి అటునుంచటే ఎయిర్‌పోర్టుకి వెళ్ళిపోతారట, ఇక రారట. మేడమ్‌కి చెప్పొద్దన్నారు. ఆ కాపురం పోతే సార్ పేరు మీదున్న నా వీసా కూడా పోతుంది.

నాకూ చిన్న వేషం ఉంది, టీ తెచ్చే పనిమనిషి. అందుకే ట్రే పట్టుకుని ఆ తలుపు వెనకే నిలబడ్డాను. అది ప్లైవుడ్ తలుపు, మన వడ్రంగి సత్తిబాబు చేశాడు. ఏసీ గాలికే ఊగేది. అడ్డంగా పెట్టిన ఇటుకని ఆట మొదలవకముందు నేనే తీసేశాను.

సార్ పెట్టె పట్టుకుని వచ్చి అవతలినుంచి లాగారు. రాలేదు. మళ్ళీ లాగారు. జనం ఒకటే నవ్వు, అదీ నాటకమే అనుకుని.

అప్పుడు చూశాను. నా వైపు పిడిని ఒక చెయ్యి పట్టుకుని ఉంది. తెల్లటి గ్లౌజు, నల్లకోటు చెయ్యి, అంతే. ఆ పైన మనిషి లేడు. నాటకంలో అలాంటి గ్లౌజులు వేసుకున్న నౌకరు ఒక్కడే, అతను స్టేజీ అవతలి పక్కన నాకు సందులోంచి కనిపిస్తూనే ఉన్నాడు. ట్రేతో సహా ఒక అడుగు వెనక్కి వేశాను.

అవతల మేడమ్ గొంతు వినిపించింది. ఇంగ్లీషు కాదు, తెలుగు. అన్ని నెలల తర్వాత నేరుగా ఆయనతోనే. “తలుపు రావట్లేదుగా. కూర్చోండి.”

పెట్టె కింద పెట్టిన చప్పుడైంది. హాలంతా చప్పట్లు. నా ముందు తలుపు దానంతట అదే గాలికి తెరుచుకుంది. చెయ్యి లేదు.

ఆ రాత్రి మేడమ్ పెట్టె తెరిచారు. బట్టల్ని చూశారు. తిరిగి బీరువాలో పెట్టారు.

సత్తిబాబుని అడిగితే, “గడియే పెట్టలేదు కదక్కా, బిగుసుకోడానికి ఏముంది?” అన్నాడు. నాకూ తెలియదు.

మీ ఇల్లు చల్లగా ఉండాలి. మీ వాళ్ళెవరైనా కోపంతో గడప దాటబోతే, ఆ ఒక్క క్షణం మీ తలుపు కూడా రాకుండా ఉండాలి.