రామక్క కోళ్లకు అమ్మిన పొడి

బేరంలో నన్ను మించినవాడు పుంగనూరు సంతలో లేడని ఇరవై రెండేళ్ల వయసులో నా నమ్మకం. దానికి రుజువుగా ఒక బేరం ఉంది. ఇన్నేళ్లూ ఒక్కణ్ణే మోశాను. ఇక మోయలేక మీకు చెబుతున్నాను.

డెబ్బైల చివరి మాట. మదనపల్లెలో ఎవరో గోదాము ఖాళీ చేస్తుంటే, వేరుశనగ చేలో చల్లే పురుగుల మందు పొడి ఒక బస్తా దాదాపు ఊరికే కొట్టేశాను. చెమ్మకు గడ్డకట్టిపోయింది, రైతులు కొనరు. దంచి, జల్లించి, పొట్లాలు కట్టి, కోళ్ల పేలమందు అన్నాను. తెలివి చూశారా?

తెలియక చేశానా? లేదు. కోళ్లకు పేలు పడితే ఏం చేయాలో మా అమ్మను చూస్తూ పెరిగినవాణ్ణి. గూడు ఖాళీ చేసి సున్నం కొట్టాలి, పాత గడ్డి తగలబెట్టాలి, కోళ్లు పొర్లాడే గుంతలో పొయ్యి బూడిద పోయాలి, పేల గుడ్లు పగిలి కొత్తవి వస్తాయి కాబట్టి పది రోజులకు మళ్లీ అంతా చేయాలి. ఇందులో అంగట్లో అమ్మడానికి ఏమీ లేదు. నాకు కనిపించిన లోపం అదొక్కటే.

బైరెడ్డిపల్లె పక్క పల్లె నుంచి రామక్క వచ్చింది. గంగమ్మకు మొక్కుకున్న కోళ్లు, జాతర దగ్గర పడింది, ఒళ్లంతా పేలు. పొట్లం ధర సగానికి తెగ్గొట్టింది. నాకు రోషం వచ్చింది. సగానికే ఇచ్చి, ఒక పొట్లం చాలదు, బూడిద గుంతలో నాలుగు కలపమన్నాను.

మర్నాడు సైకిల్ మీద సరుకులేసుకుని ఆ పల్లెకే వెళ్లాను. గుంత చుట్టూ కోళ్లు రెక్కలు నేలకేసి కొట్టుకుంటున్నాయి. మెడలు వెనక్కి మెలిపడి, ముక్కుల్లో నురగ. పుంజు ఒకటి గోడకు గుద్దుకుని, పడి, లేచి, మళ్లీ గుద్దుకుని చచ్చింది.

"నీ పొడి యేసినాకే ఇట్లయినాయి శెట్టీ," అంది రామక్క. "దాంట్లో ఏముండాది?"

"పేలమందుతో కోళ్లు సస్తాయా అక్కా? ఊరూరా తీసుకుపోతాండారు. ఎవురో గిట్టనోళ్లు యిసం పెట్టుంటారు, సూడు."

ఆ మాట ఎందుకన్నాను? నోటికి అలవాటైన పని, సరుకు మీద మాట పడనివ్వకపోవడం. కానీ గిట్టనివాడు పక్కింట్లోనే ఉన్నాడు. ఆమె మరిది. విత్తనాలు గీరి తిన్నాయని, ఈ కోళ్లను చంపుతానని వారం కిందటే అరిచాడట.

రామక్క మొగుడు మునెప్ప నా మాట విన్నాడు. పార తీసుకున్నాడు. తమ్ముడు వంగి ఎద్దులకు నీళ్లు పెడుతున్నాడు. మొదటి దెబ్బకు మోచేయి విరిగిన చప్పుడు నాకు వినిపించింది. రెండోది ముఖం మీద పడింది. కన్ను పోయింది. మూడోది పడకుండా మునెప్పను వెనకనుంచి వాటేసుకుని లాగాను. చేతులు ఆడాయి గానీ నోరు రాలేదు. ఒక్క మాటంటే మొదటి దెబ్బే పడేది కాదు గదా?

చాలా ఏళ్లకు, నేను కుప్పంలో అంగడి పెట్టుకున్నాక, ఆ తమ్ముడు బెల్లం కొనడానికి వచ్చాడు. ఒంటికన్నుతోనే నన్ను గుర్తుపట్టాడు.

"నువ్వు అడ్డం రాకపోయుంటే ఆ పొద్దే సచ్చుందునప్పా."

కోళ్లను ఎవరు చంపారో ఇంకా తెలియలేదన్నాడు. అన్నతో మాటల్లేవన్నాడు. నేను తల వంచుకుని తక్కెడ చూశాను. అతను అడగకుండానే బెల్లం ధర తగ్గించాను.

ఇక లెక్క. దేవతకు మొక్కిన ఇరవై ఆరు కోళ్లు. ఒక కన్ను. వంగని మోచేయి ఒకటి. మాటల్లేని అన్నదమ్ములు ఇద్దరు. నాకు మిగిలిన లాభం రూపాయిన్నర. అందులో ఇన్నేళ్లకు నేను తిరిగి కట్టింది, ఆ బెల్లం మీద తగ్గించిన అర్ధరూపాయి.