మస్తాన్ బాబాయ్ గొంతు

మొన్న మధ్యాహ్నం వంటింట్లో పచ్చడి నూరుతుంటే ముందుగదిలో టీవీలోంచి ఎవరో రైతు ఏడుస్తున్న మాటలు వినిపించాయి. నున్నటి గొంతు, చదువుకున్న మాట. ఎవరా అని వచ్చి చూస్తే తెరమీద మస్తాన్ బాబాయ్. మనిషి ఆయనే, గొంతు ఆయనది కాదు. ఇన్నేళ్లయినా ఆ సినిమా కనబడితే నాకు ఒళ్లు మండుతుంది.

నరసరావుపేటలో ట్రాక్టర్ మెకానిక్ ఆయన. పని కట్టేశాక నాటకం. పరిషత్తు పోటీల్లో తండ్రి వేషమంటే ఆయనదే. ఆడపిల్లను స్టేజీ ఎక్కించనని చర్చి బడిలో టీచరైన మా నాన్న భీష్మించుకు కూర్చుంటే, ఇంటికొచ్చి ఒప్పించింది ఆయనే. రిహార్సల్లో ఆయన పద్ధతి వేరు. మొదట్లో కొన్నాళ్లు మమ్మల్ని గోడవైపు తిరిగి మాటలు చెప్పమనేవాడు. ఏడుపు సీనులో నేను పమిట నోటికడ్డం పెట్టుకుంటే కసిరాడు.

"మొకంతో ఏంది పని? ఎనక కూర్చున్నోడికి నీ కన్నీళ్లు కనపడవు పిల్లా. గొంతులో ఉంటేనే ఉన్నట్టు."

ఆ పద్ధతి ఎక్కడిదో తర్వాత తెలిసింది. వాళ్లమ్మ బీబమ్మ మామ్మకు చూపు లేదు. కొత్త వేషం మాటలన్నీ ముందు ఆవిడకు వినిపించి, ఆవిడ తల ఊపాకే మా దగ్గరకు వచ్చేవాడు.

పోటీల్లో చూసి ఒక దర్శకుడు సినిమాకు పిలిచాడు. మిరపతోట ఎండిపోయిన రైతు వేషం. విడుదలైన రోజు మాట్నీకి మామ్మను చెయ్యి పట్టుకుని నేనే తీసుకెళ్లాను. బాబాయ్ కనబడగానే హాలంతా ఈలలు. ఆయన నోరు తెరిచాడు, ఎవరిదో గొంతు వచ్చింది. యాస మోటుగా ఉందని వేరేవాళ్లతో చెప్పించారట. ఆయనకు ముక్క కూడా చెప్పలేదు. తెరమీద ఆవిడ కొడుకు కుమిలిపోతున్నాడు. మామ్మ నా చెయ్యి తట్టి మెల్లగా అడిగింది.

"మావోడు ఎప్పుడొస్తాడే?"

అవతలి కుర్చీలో బాబాయ్ విన్నాడు.

ఆ తర్వాత సొంత గొంతు ఉంచితేనే వస్తానన్నాడు. ఊరందరిదీ ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి అని నవ్వారు. పిలుపులు ఆగిపోయాయి. షెడ్డులో పానాలూ, స్టేజీమీద నాటకాలూ మిగిలాయి. చాన్నాళ్లకు ఒక కుర్ర దర్శకుడు సరేనన్నాడు. ఒకటే సీను, కొడుకు శవం పక్కన కూర్చున్న తండ్రి. అప్పటికి మామ్మ పోయింది. ఆ సినిమాకు ఆయన పక్కన నేనే కూర్చున్నాను. తన సీను రాగానే బాబాయ్ కళ్లు మూసుకున్నాడు. అంతకాలం ఎదురుచూసిన మనిషి తెరమీద తన మొహం చూసుకోనే లేదు. అయ్యాక నావైపు తిరిగి, "అమ్మకి తెలిసేదంటావా?" అన్నాడు.

"తెలిసేది బాబాయ్" అన్నాను.

ఇప్పుడు ఆయనా లేడు. నేనింకా వేషాలు కడుతూనే ఉన్నాను. జనం ఎంతమంది ఉన్నా నాకు ముందు వరుసలో ఒక్కరే ఉంటారు. చూపులేని ఒక తల్లి, తన బిడ్డ ఎప్పుడొస్తుందా అని చెవి ఒగ్గి కూర్చుని ఉంటుంది. ఆవిడ కోసమే నోరు తెరుస్తాను.