కొండ మీది కేకులామె

నా భార్య పెద్దకర్మ రోజు ఆకులో ఏమేం పెట్టాలని బంధువులు అడిగితే నేను తడుముకోలేదు. గుత్తి వంకాయ, చింతకాయ పచ్చడి, బెల్లం పొంగలి. పోయినవాళ్లకు ఇష్టమైనవే పెట్టాలి. అన్నేళ్లు ఒకే ఇంట్లో ఉన్నవాణ్ణి, నాకు తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుంది అనుకున్నాను.

వడ్డించే వేళకు ఆమె స్నేహితురాలు వచ్చింది. ఇద్దరూ ఆత్మకూరులో ఒకే ఆఫీసులో పనిచేసేవాళ్లు. ఉదయగిరి నుంచి రోజూ కలిసి బస్సులో పోయి, కలిసి వచ్చేవాళ్లు. ఆమె చేతిలో బేకరీ అట్టపెట్టె ఉంది. అందులో కాగితాల్లో చుట్టిన కర్రీ పఫ్‌లు.

"ఇవి గూడా పెట్టన్నా. ఇవి ఉంటే అక్కకి ఇంకేం వద్దు."

"ఆమె బేకరీవి తినదే," అన్నాను.

"ఎవురు చెప్పినారు నీకు? సాయంత్రం ఒకటి తినందే బస్సెక్కేది కాదు. తింటానే కొండమీదామె చేసినట్టు లేదని వంకలు పెట్టేది."

"కొండమీదామె ఎవరు?"

"ఏందన్నా! నీకు చెప్పలేదా?"

చెప్పలేదు. ఆకు తీసుకుపోయి గోడ మీద పెట్టాం. కాకి వచ్చి ముందు పఫ్‌నే పొడిచింది. పొంగలి ముట్టలేదు. అందరూ తృప్తిపడ్డారు. నేను కాకిని చూడలేక లోపలికి వచ్చేశాను.

భోజనాలయ్యాక అరుగు మీద కూర్చుని ఆమె చెప్పింది. తిరుగు బస్సులో ఉదయగిరి కొండ కనిపించింది మొదలు దిగేదాకా ఇద్దరికీ అదే కథట. నా భార్య అల్లేది, ఈమె వినేది. కొండ కొమ్మున, పాత కోట గోడల మధ్య ఒకామె కేకులు చేస్తుంది. ఎండకు కాగిన బండే ఆమె పొయ్యి. సోమశిల నీటి మీది నురగను కొంగలు ముక్కున పట్టి తెస్తే అదే క్రీము. పఫ్ పొరలు ఎంత పలచగా ఒత్తుతుందంటే, గాలి వస్తే వాటి మీద రాయి పెట్టాలి. తినడానికి మబ్బులు వస్తాయి. కడుపు నిండినవి బరువెక్కి కురుస్తాయి. దుత్తలూరు వైపు పోయే మబ్బులకు ఎప్పుడూ తొందరే, తినకుండా పోతాయి. అందుకే అక్కడ వాన తక్కువ.

చెబుతూ ఆమె మధ్యమధ్య నవ్వింది. ఆ నవ్వు నా భార్యది. దాన్ని కూడా ఈమెకే ఇచ్చి పోయిందనిపించింది. ఏడుపు రావలసిన చోట నాకు అసూయ వచ్చింది. ఇంటికి వచ్చాక, నేను పేపరు చదువుకుంటుంటే, నా భార్య బస్సులో సీటు దొరికిందో లేదో చెప్పేది. నా వాటాకు అదే వచ్చింది.

"దాంట్లో నేనున్నానా?" అని అడిగాను. అడిగాక సిగ్గేసింది.

"నువ్వని చెప్పలేదులే. ఒక గిరాకీ మాత్రం ఉండాడు. మబ్బు కాదు, మనిషే. రోజూ వస్తాడు. పఫ్ పక్కన పెట్టి, చుట్టిచ్చిన కాగితం చదువుకుంటా కూచుంటాడు. అది చల్లారిపోతాది."

"కొండమీదామె ఊరుకుంటుందా?"

"తిడతాది. తిడతానే మంచి కాగితాలన్నీ ఆయన కోసం ఎత్తిపెడతాది. మబ్బులకి ఉత్త కాగితం. అక్షరాలుండేది ఆయనకే."

ఆ మనిషి మీద కూడా నాకు అసూయే కలిగింది. వాడు రోజూ అంత కొండా ఎక్కి ఆమె ఎదురుగా కూర్చున్నాడు.

"తర్వాత?"

"ఆస్పత్రిలో చేరేముందు బస్సులో చెప్పింది. రేపు కాగితం తీసేసి ఉత్త పఫ్ ఆయన చేతిలో పెడతాదంట, ఏం చేస్తాడో చూద్దాం అనింది. మళ్లా బస్సెక్కలేదు గదన్నా."

"ఏం చేసుంటాడు?"

"నాకెట్ట తెలుస్తాది? అక్క కథ అది."

ఆ మాటతో నాకు కాస్త ఊరట కలిగింది. ఈమెకు కూడా తెలియనిది ఒకటుంది.

పెట్టెలో ఒక పఫ్ మిగిలి ఉంది. ఆమె కాగితం విప్పి, పఫ్ నా చేతిలో పెట్టింది. పొరలు రాలి పంచె మీద పడ్డాయి. లోపల కూర కారంగా ఉంది. చివరిదాకా తిన్నాను. నూనె అంటిన కాగితాన్ని ఆమె మడిచి తన బ్యాగులో పెట్టుకోబోయింది.

"అది నాదమ్మా," అన్నాను.

ఇచ్చేసింది.