నలుగురు మోసే బీరువా

టాంపినీస్‌లో మా పై అంతస్తులో ఉండే సమీనా శనివారం పొద్దున్నే వచ్చి తలుపు కొట్టింది. ఆమె ఏది చెప్పినా హడావిడే. “అరె, సాయంత్రం ఖాళీయేనా? మా ఆఫీసు పక్క హాల్లో నాటకమంట. నలుగురి గ్రూపుల ఒక్కామెనే మిగిలిందంట. పోదాం పా.” సైనిక పాలనలో ఉన్న ఒక దేశపు ప్రయోగ నాటక బృందం అది. దేశం పేరు రాయొద్దని ఆ నటి కోరింది, రాయను.

నాలుగున్నరకు రైలెక్కి, బువోనా విస్టాలో మారి, గంటలోపే వన్-నార్త్‌ స్టేషన్‌లో దిగాం. ఛార్జీ రెండు డాలర్ల పైచిలుకు, నాటకం ఉచితం. కుర్చీలన్నీ గోడల వెంటే వేశారు. మధ్యలో ఏమీ లేదు. మొదట ఆ నటి తమ కథ చెప్పింది. వాళ్ళ ఊళ్ళో నలుగురూ లేని బీరువాను మోస్తున్నట్టు బజారులో నడిచేవారట. మొదట్లో జనం నవ్వారు. పోనుపోను దారి ఇవ్వసాగారు. ఒకరోజు ఒక సైనికుడు కూడా పక్కకు తప్పుకున్నాడు. ఆ వారమే అరెస్టులు మొదలయ్యాయి.

పట్టుబడ్డవాళ్ళ మూలను ఇంకెవరూ పట్టుకోకూడదన్నది వాళ్ళ నియమం. ఆమె ఒక్కతే తన మూల పట్టుకుని వంగింది. బీరువా లేవలేదు. మళ్ళీ వంగింది. మెడ నరాలు ఉబ్బాయి. ఉండబట్టలేక సమీనా లేచి ఎదుటి మూలకు వెళ్ళింది. నటి వద్దని తల అడ్డంగా ఊపింది. సమీనా తిరిగొచ్చి దుపట్టాతో కళ్ళు ఒత్తుకుంది. బీరువా అంగుళమైనా కదలకుండానే నాటకం అయిపోయింది. నాకు ఏడుపు కూడా రాలేదు.

తర్వాత పక్కనే చిన్న చిన్న తిండి కొట్లుండే హాకర్ సెంటర్‌లో నటితో కలిసి ముగ్గురం టీ తాగాం. ఇక్కడే ఉండిపోకూడదా అని సమీనా ఇంగ్లీషులో అడిగింది.

“ఇక్కడ ఉండటానికిచ్చిన పాసు రేపు ఆదివారంతో అయిపోతుంది. వేరే ఏ దేశమూ రానివ్వలేదు. మా దేశంలో దిగగానే పట్టుకుంటారు.”

“మరి అక్కడి జనం?” అన్నాను.

“ఇప్పుడెవరూ దారి ఇవ్వరు. బీరువాలోంచే నడిచి వెళ్ళిపోతారు. వాళ్ళ తప్పు లేదు, భయం.”

కళ జనాన్ని మేల్కొలుపుతుందని ఈ బ్లాగులోనే ఎన్నోసార్లు రాశాను. ఈసారి ఆ మాట రాయడానికి చేయి రావడం లేదు. తిరుగు రైల్లో టాంపినీస్ దగ్గరపడ్డాక సమీనా మెల్లగా అంది: “నాటకం అయినంక మనం గూడ మధ్యలకెళ్లే నడిచొచ్చినం గదా.”

ఆ హాలు స్టేషన్ నుంచి ఐదు నిమిషాల నడక. ఎప్పుడైనా వెళ్తే లోపల గోడ వెంటే నడవండి. బీరువా ఇంకా అక్కడే ఉంది.